పింక్ వ్యాక్స్‌క్యాప్: తరచుగా అడిగే ప్రశ్నలు

బ్రిటన్‌లో చలి మొదలవుతుండగా పాత చర్చి ఆవరణల్లో, గొర్రెలు మేసే గుట్టల మీద గడ్డిలోంచి పింక్ వ్యాక్స్‌క్యాప్ అనే గులాబీ రంగు పుట్టగొడుగు ఒకటి పైకి లేస్తుంది. అక్కడ ఉంటున్న మనవాళ్లు ఫోటో తీసి "ఇదేంటి? తినొచ్చా? విషమా?" అని అడుగుతుంటారు. ఆ ప్రశ్నలకూ, వాటి వెనకాలే వచ్చే మరికొన్నిటికీ ఇక్కడ జవాబులు.

ఇది చూడటానికి ఎలా ఉంటుంది?

మొలిచిన కొత్తలో టోపీ సన్నగా, మొనదేలి ఉంటుంది. రంగు లేత గులాబీ, ఒక్కోసారి కాస్త ఊదా కలిసినట్టు ఉంటుంది. పెరిగేకొద్దీ టోపీ అంచులు నిలువుగా చీలి పైకి లేస్తాయి, మధ్యలో మొన మాత్రం అలాగే ఉంటుంది. బ్యాలే నర్తకి గౌనులా ఉన్న ఆ రూపం చూసి ఇంగ్లీషువాళ్లు దీన్ని బ్యాలెరినా వ్యాక్స్‌క్యాప్ అని కూడా పిలుస్తారు. టోపీ వెడల్పు సుమారు 7 సెంటీమీటర్ల దాకా, కాడ పొడవు 12 సెంటీమీటర్ల దాకా పెరుగుతుంది. కాడ తెల్లగా గానీ లేత గులాబీగా గానీ ఉంటుంది, కాస్త వంచితే చాలు విరిగిపోతుంది. టోపీ కింది పొరలు కూడా గులాబీ రంగే. అవి మందంగా, ఎడంగా ఉంటాయి, వేలితో తాకితే కొవ్వొత్తిని తాకినట్టు ఉంటుంది.

శాస్త్రీయ నామం పోర్పొలొమోప్సిస్ కాలిప్ట్రిఫార్మిస్. పాత పుస్తకాల్లో హైగ్రోసైబీ కాలిప్ట్రిఫార్మిస్ అని రాసి ఉంటుంది. రెండూ ఒకటే. 2008లో దీన్ని వేరే ప్రజాతిలోకి మార్చారు.

ఎప్పుడు, ఎక్కడ కనిపిస్తుంది?

సెప్టెంబరు చివరి నుంచి నవంబరు దాకా, గట్టి మంచు పడేవరకు. బ్రిటన్, ఐర్లండ్ దీనికి ముఖ్యమైన స్థావరాలు. వేల్స్‌లో మరీ ఎక్కువ. ఐరోపాలో మిగతా చోట్ల డెన్మార్క్, జర్మనీ, స్విట్జర్లాండ్, పోలండ్ లాంటి దేశాల్లో అక్కడక్కడా ఉంది, చాలాచోట్ల ముప్పు జాబితాల్లోనే ఉంది.

అడవిలో వెతికితే ఐరోపాలో ఇది దొరికే అవకాశం తక్కువ. పొట్టి గడ్డి, నాచు, ఎన్నో ఏళ్లుగా నాగలి తగలని నేల: ఈ మూడూ కలిసినచోట వెతకాలి.

దీన్ని మొదట వర్ణించింది ఎవరు?

మైల్స్ జోసెఫ్ బర్క్‌లీ అనే ఇంగ్లీషు పాస్టరు, 1838లో. వృత్తి చర్చిలో అయినా మనసంతా శిలీంధ్రాల మీదే ఉండేది. బ్రిటన్‌లో శిలీంధ్ర శాస్త్రానికి ఆద్యుడిగా ఆయన్నే చెబుతారు. 1840లలో ఐర్లండ్‌లో బంగాళాదుంప పంట కుళ్లిపోయి ఘోరమైన కరువు వచ్చినప్పుడు, తడి వాతావరణమే కారణమని చాలామంది వాదించారు. ఆకుల మీద కనిపిస్తున్న బూజు జబ్బు వల్ల వచ్చింది కాదనీ, ఆ బూజే జబ్బుకు మూలమనీ 1846లో గట్టిగా చెప్పినవాళ్లలో బర్క్‌లీ ముఖ్యుడు. బూజు పంటను చంపుతుందని చెప్పిన మనిషి పేరు మీదే, పంట ఎరువులు చంపుతున్న ఈ పుట్టగొడుగు నమోదై ఉంది.

మా ఊరి పార్కులో గడ్డి పచ్చగా, దట్టంగా, అందంగా ఉంటుంది. అక్కడ ఎందుకు రాదు?

అంత పచ్చగా ఉంది కాబట్టే.

అసలు విషయమంతా ఇక్కడే ఉంది కాబట్టి కాస్త వివరంగా చెప్పుకోవాలి. మనం వ్యవసాయ కుటుంబాల నుంచి వచ్చినవాళ్లం, నేల బలంగా ఉంటేనే అన్నీ బాగా పెరుగుతాయన్నది మనకు పుట్టుకతో వచ్చిన నమ్మకం. వ్యాక్స్‌క్యాప్‌ల విషయంలో, అంటే మైనం పూసినట్టుండే ఈ పుట్టగొడుగుల కుటుంబం మొత్తం విషయంలో, అది తలకిందులు. వీటికి పేద నేల కావాలి. నత్రజని తక్కువ, భాస్వరం తక్కువ ఉన్న నేలలో గడ్డి ఏపుగా పెరగలేదు. గడ్డి పలచగా ఉన్నచోట నాచుకు, చిన్న చిన్న పూల మొక్కలకు చోటు దొరుకుతుంది. వాటి మధ్యనే వ్యాక్స్‌క్యాప్‌లు బతుకుతాయి. అలాంటి నేల మీద యూరియా గానీ, డీఏపీ గానీ, సున్నం గానీ పడితే పశువుల మేతకు పనికొచ్చే నాలుగైదు రకాల గడ్డి రెచ్చిపోయి పెరిగి మిగతా అన్నిటినీ నొక్కేస్తుంది.

రైతు లెక్కలో ఆ పొలం బాగుపడినట్టే. బ్రిటన్‌లో వ్యవసాయ శాఖ భాష కూడా అదే: దున్ని, ఎరువు వేసి, కొత్త గడ్డి విత్తనం చల్లిన పొలాన్ని 'మెరుగుపరచిన' పచ్చిక అంటారు. ఏమీ చేయకుండా వదిలేసిన దాన్ని 'మెరుగుపరచని' పచ్చిక అంటారు. పింక్ వ్యాక్స్‌క్యాప్ ఉండేది ఈ రెండో రకంలోనే. కాబట్టి దీని సంరక్షణలో ఎక్కువ భాగం ఏం చేయాలన్నది కాదు, ఏం చేయకూడదన్నది. నిధులు అడిగేటప్పుడు ఇది చెప్పి ఒప్పించడం కష్టమని ఈ రంగంలో ఉన్నవాళ్లకు బాగా తెలుసు.

చర్చి ఆవరణల్లో ఎందుకు ఎక్కువ?

సమాధులున్న చోట ఎవరూ దున్నరు, ఎరువు వేయరు. ఏడాదికి కొన్నిసార్లు గడ్డి కోసి ఊరుకుంటారు. కొన్ని వందల ఏళ్లుగా ఇదే జరుగుతున్న నేలలు అవి. పాత జమీందారీ భవనాల ముందున్న పచ్చికలు, పాత రిజర్వాయర్ల మట్టికట్టలు కూడా ఇలాంటివే. వేల్స్ రాజధాని కార్డిఫ్‌లో లానిషెన్, లిస్వేన్ రిజర్వాయర్ల కట్టలు దీనికి మంచి ఉదాహరణ. తాగునీటి చెరువు కట్ట కాబట్టి రసాయనాలు పడలేదు, చెట్లు పెరిగితే కట్టకు ప్రమాదం కాబట్టి గడ్డి ఎప్పటికప్పుడు కోశారు. పుట్టగొడుగుల కోసం ఎవరూ ఏమీ చేయకపోయినా ఆ కట్టలు వ్యాక్స్‌క్యాప్‌లకు కోటలయ్యాయి. ఇప్పుడు వాటికి ప్రత్యేక శాస్త్రీయ ప్రాముఖ్యం గల స్థలంగా చట్టపరమైన రక్షణ ఉంది, అదీ గడ్డి నేల పుట్టగొడుగుల కారణంగానే.

ఇంతకీ ఇది ఏం తిని బతుకుతుంది?

శాస్త్రవేత్తలను చాలాకాలం ఇబ్బంది పెట్టిన ప్రశ్న ఇది. పుట్టగొడుగులు సాధారణంగా రెండు దారుల్లో బతుకుతాయి. కొన్ని కుళ్లిన ఆకుల్నీ కట్టెల్నీ జీర్ణం చేసుకుంటాయి. మరికొన్ని చెట్ల వేర్లకు తొడుగులా అల్లుకుని, నేలలోని పోషకాలు చెట్టుకిచ్చి బదులుగా చక్కెర తీసుకుంటాయి. వ్యాక్స్‌క్యాప్‌లు చాలాకాలం మొదటి గుంపులోనివే అనుకున్నారు.

తరవాత వాటిలోని కార్బన్, నత్రజని ఐసోటోపులను, అంటే ఒకే మూలకంలో బరువు తేడా ఉన్న రూపాలను కొలిచారు. ఫలితాలు రెండు గుంపుల్లో దేనితోనూ సరిపోలేదు. కార్బన్-13 బాగా తక్కువ, నైట్రోజన్-15 బాగా ఎక్కువ. అంటే చచ్చిన గడ్డిని తింటున్న లక్షణాలు కావు. గడ్డి నేలల్లో పెరిగే ప్లాంటాగో అనే చిన్న మొక్క వేర్ల లోపల వ్యాక్స్‌క్యాప్ డీఎన్‌ఏ దొరికింది. బతికున్న మొక్కలతో, బహుశా నాచుతో కూడా, వీటికి ఏదో ఇచ్చిపుచ్చుకునే సంబంధం ఉందని ఇప్పుడు ఎక్కువమంది నమ్ముతున్నారు. వేల్స్‌లోని అబెరిస్ట్‌విత్ విశ్వవిద్యాలయంలో గ్యారెత్ గ్రిఫిత్ బృందం ఏళ్ల తరబడి దీని మీదే పనిచేస్తోంది.

ఎరువు ఎందుకు పడదో కూడా దీన్నిబట్టి ఊహించవచ్చు. మొక్కకు బస్తాలోంచే పోషకాలు అందుతుంటే శిలీంధ్రాన్ని పోషించాల్సిన అవసరం దానికి ఏముంటుంది?

పోయినేడు కనిపించింది, ఈ ఏడు లేదు. చచ్చిపోయిందా?

చచ్చిపోయిందని చెప్పలేం. మనకు పైకి కనిపించేది సిద్ధబీజాలు వెదజల్లడానికి కొద్దిరోజులు ఉండి పోయే భాగం మాత్రమే. అసలు ప్రాణి నేలలో సన్నటి దారాల రూపంలో ఏడాదంతా ఉంటుంది. వేసవి పొడిగా గడిస్తే, లేదా చలి ముందే వస్తే, ఆ ఏడాది పైకి రాకపోవచ్చు. ఒకచోట వ్యాక్స్‌క్యాప్‌లు లేవని తేల్చడానికి ఒక్కసారి వెళ్లి చూస్తే సరిపోదు. ఒకే సీజన్లో రెండు మూడుసార్లు, కొన్నేళ్లపాటు చూడాలి.

అరుదైనది అంటారు. కానీ చాలాచోట్ల చూశామనీ అంటారు. ఏది నిజం?

రెండూ. దీని కథలో నాకు అన్నిటికన్నా ఆసక్తిగా అనిపించేది ఈ భాగమే.

1990లలో బ్రిటన్‌లో జీవవైవిధ్య కార్యాచరణ ప్రణాళికలు తయారుచేసినప్పుడు పింక్ వ్యాక్స్‌క్యాప్‌కు అందులో ప్రత్యేక చోటు దక్కింది. అరుదైన జాతి అనే పేరు రావడంతో జనం వెతకడం మొదలుపెట్టారు. వెతికిన కొద్దీ కొత్త చోట్లు బయటపడ్డాయి. అంతకు ముందు లేక కాదు, నవంబరు చలిలో గడ్డి మీద వంగి చూసేవాళ్లు లేక. పైగా గులాబీ రంగు, మొన, చీలిన అంచులు కలిసి దీన్ని ఎవరైనా గుర్తుపట్టగల పుట్టగొడుగును చేశాయి. అనుకున్నదానికన్నా ఎక్కువ చోట్ల ఉందని తేలాక 2007లో సవరించిన ప్రాధాన్య జాబితాలో దీని పేరు లేదు.

అయితే ప్రమాదం తొలగిపోయిందా? లేదు. ప్రకృతి పరిరక్షణ అంతర్జాతీయ సంస్థ ఐయూసీఎన్ తన రెడ్ లిస్టులో దీన్ని ప్రపంచస్థాయిలో 'వల్నరబుల్' తరగతిలో, అంటే ముప్పు పొంచి ఉన్న జాతుల్లో పెట్టింది. ఎన్నిచోట్ల ఉందన్న లెక్క కన్నా ఎంత వేగంగా తగ్గుతోందన్నది వాళ్లు ముఖ్యంగా చూస్తారు. ఇలాంటి శిలీంధ్రాలకు మూడు తరాలంటే సుమారు 50 ఏళ్లుగా లెక్కగట్టి, ఆ కాలంలో కనీసం 30 శాతం తగ్గుదల ఉంటే ఈ తరగతిలో చేరుస్తారు. పుట్టగొడుగులను ఒక్కొక్కటిగా ఎవరూ లెక్కపెట్టలేరు కాబట్టి, అవి బతికే గడ్డి నేల ఎంత పోయిందన్నదాన్ని బట్టి అంచనా వేస్తారు. ఆ నేల పోతూనే ఉంది. కొత్త చోట్లు దొరకడం మన ఎరుక పెరగడమే, సంఖ్య పెరగడం కాదు.

ఎంత గడ్డి నేల పోయింది?

ఇంగ్లండ్, వేల్స్ పల్లపు ప్రాంతాల్లో 1930ల నుంచి 1984 మధ్య పూలు పూసే సహజ పచ్చిక బయళ్లలో 97 శాతం పోయాయని 1987లో ప్రచురితమైన అధ్యయనం చెప్పింది. ఇప్పటికీ అందరూ చెప్పుకునే అంకె ఇదే. రెండో ప్రపంచ యుద్ధంలో ఓడల మీద తిండిగింజలు రావడం ఆగిపోయేసరికి ప్రభుత్వమే దగ్గరుండి పచ్చికలు దున్నించింది. యుద్ధం ముగిశాక చవకగా రసాయన ఎరువులు వచ్చాయి, సబ్సిడీలు వచ్చాయి. ఆకలి తెలిసిన దేశం అలా చేయడాన్ని తప్పుపట్టడం కష్టం.

దున్నకపోతే, ఎరువు వేయకపోతే చాలా? ఇంకే ముప్పూ లేదా?

ఉంది, గాలిలోంచి. వాహనాల పొగలోని నత్రజని ఆక్సైడులు, కోళ్ల ఫారాల నుంచి, డెయిరీల నుంచి లేచే అమ్మోనియా వానతో కలిసి నేల మీద పడతాయి. ఎవరూ బస్తా విప్పకుండానే నేలకు ఎరువు అందుతుంది. పొలం యజమాని ఎంత జాగ్రత్తగా ఉన్నా దీన్ని ఆపలేడు. 2025 మార్చిలో ఐయూసీఎన్ రెడ్ లిస్టులో శిలీంధ్రాల సంఖ్య 1,300కు చేరింది. వాటిలో కనీసం 411 జాతులు అంతరించే ముప్పులో ఉన్నాయి. ఎరువుల నుంచి, ఇంజన్ల నుంచి వచ్చే నత్రజని, అమ్మోనియా వల్లే 91 జాతులకు ప్రమాదమని అప్పుడు ప్రకటించారు. ఉదాహరణగా చెప్పింది కూడా ఒక వ్యాక్స్‌క్యాప్‌నే, హైగ్రోసైబీ ఇంటర్మీడియా అనే నారింజ రంగు పుట్టగొడుగును.

దీనికి తోడు మేపడం మానేసిన గుట్టలున్నాయి. గొర్రెల పెంపకం గిట్టుబాటు కాక వదిలేస్తే రెండు మూడేళ్లలో గడ్డి మోకాలెత్తు లేస్తుంది, తరవాత ముళ్ల పొదలు, ఆ తరవాత చెట్లు వస్తాయి.

చెట్లు వస్తే మంచిదే కదా?

అన్నిచోట్లా కాదు. వాతావరణ మార్పును ఎదుర్కోవాలంటే చెట్లు నాటాలన్నది ఇప్పుడు అన్ని దేశాల్లోనూ వినిపించే మాట. ఇంగ్లండ్‌లో చెట్ల విస్తీర్ణాన్ని 2050 నాటికి మొత్తం భూమిలో 16.5 శాతానికి పెంచాలని చట్టబద్ధమైన లక్ష్యమే ఉంది. మంచి పంట పొలంలో ఎవరూ మొక్కలు నాటరు. పనికిరానిదిగా, బోసిగా కనిపించే నిస్సారమైన గుట్టలనే ఎంచుకుంటారు. వ్యాక్స్‌క్యాప్‌లు ఉండేవి సరిగ్గా అక్కడే. మొక్కలు నాటే మనిషి మే నెలలో వచ్చి చూస్తే అక్కడ గడ్డి తప్ప ఏమీ కనిపించదు. నవంబరులో వచ్చి ఉంటే ఎరుపు, పసుపు, ఆకుపచ్చ, గులాబీ రంగుల్లో ఇరవై రకాలు కనిపించి ఉండేవేమో.

మనకూ ఈ గొడవ ఉంది. దక్కను పీఠభూమిలోని సహజ గడ్డి నేలలు ప్రభుత్వ లెక్కల్లో చాలావరకు బంజరు ఖాతాలో పడ్డాయి. నంద్యాల జిల్లా రోళ్లపాడు ఒకప్పుడు బట్టమేక పిట్టకు పేరుమోసిన చోటు. గడ్డి బయలే ఆ పిట్ట ఇల్లని గుర్తించి అక్కడ 1988లో అభయారణ్యం ప్రకటించారు, చెట్లే లేని చోటుకు 'అరణ్యం' అనే పేరుతోనే. చెట్టు లేకపోతే ప్రకృతి లేదనే చూపు రెండు దేశాల్లోనూ ఒకటే.

గొర్రెలు తొక్కేసి తినేయవా?

కొన్నిటిని తొక్కుతాయి, తప్పదు. అయినా గొర్రెలు లేని నష్టమే పెద్దది. మేసేవాటి వల్లే గడ్డి పొట్టిగా ఉంటుంది. ఎన్ని ఉండాలన్నది నేలను బట్టి మారుతుంది. మంద మరీ ఎక్కువై బయట నుంచి దాణా తెచ్చి పెడితే, ఆ దాణాలోని పోషకాలన్నీ పెంట రూపంలో ఆ నేలలోకే చేరతాయి. అక్కడి గడ్డే తిని అక్కడే పెంట వేసే మంద వల్ల నేలకు కొత్తగా చేరేదేమీ ఉండదు.

మే నెలలో లాన్ కోయొద్దని ప్రచారం చేస్తారు కదా, మరి పొట్టి గడ్డి కావాలంటారేంటి?

'నో మో మే' ప్రచారాన్ని నడిపేది ప్లాంట్‌లైఫ్ అనే సంస్థ. వ్యాక్స్‌క్యాప్‌ల గురించి ఎక్కువగా మాట్లాడేదీ ఆ సంస్థే. రెండిటికీ వైరం లేదు. వసంతంలో పూల కోసం వదలొచ్చు. వేసవి చివరికి మాత్రం గడ్డి కోసి, కోసినదంతా ఎత్తి బయట పడేయాలి. అలాగే వదిలేస్తే కుళ్లి ఎరువవుతుంది. సెప్టెంబరు చివర పుట్టగొడుగులు లేవడం మొదలయ్యాక మళ్లీ మిషన్ తిప్పకుండా ఉంటే మంచిది.

ఒక పచ్చిక విలువైనదో కాదో ఎలా తేలుస్తారు?

రకాలు లెక్కపెట్టి. బ్రిటన్‌లో వ్యాక్స్‌క్యాప్ జాతులు యాభైకి పైగా ఉన్నాయి. ఒకచోట ఎన్ని రకాలు దొరుకుతాయన్నదాన్ని బట్టి ఆ చోటు విలువ కట్టే పద్ధతిని 1985లో డెన్మార్క్‌లో ఎరిక్ రాల్ ప్రతిపాదించాడు. ఆయన లెక్కలో మొత్తం 17 రకాలు గానీ అంతకన్నా ఎక్కువ గానీ ఉంటే అది జాతీయ ప్రాముఖ్యం ఉన్న స్థలం. తరవాత ఈ అంకెలను వేర్వేరు దేశాలు తమకు తగ్గట్టు మార్చుకున్నాయి. వ్యాక్స్‌క్యాప్‌లతో పాటు పగడం కొమ్మల్లా లేచే క్లావేరియాలు, ఎంటలోమాలు, నల్లటి నాలుకలా నేలలోంచి పొడుచుకొచ్చే ఎర్త్‌టంగ్‌లు, డెర్మొలోమాలు అనే ఇతర గడ్డి నేల శిలీంధ్రాలను కూడా లెక్కలోకి తీసుకుంటారు. ఇవన్నీ ఒకే రకం నేలను కోరుకుంటాయి.

ఇప్పుడు మట్టిలోని డీఎన్‌ఏ పరీక్ష కూడా వచ్చింది. పచ్చికలో చాలాచోట్ల నుంచి కొద్ది కొద్దిగా మట్టి తీసి, కలిపి ల్యాబ్‌కు పంపితే ఏ శిలీంధ్రాల దారాలు ఉన్నాయో తెలుస్తుంది. నవంబరు దాకా ఆగక్కర్లేదు. నిర్మాణ అనుమతులు, మొక్కలు నాటే అనుమతులు వేసవిలోనే తేలిపోయే సందర్భాల్లో ఇది పెద్ద తేడా తెచ్చింది. అయినా కళ్లతో చూడటం మానేయకూడదని నా అభిప్రాయం. ల్యాబ్ రిపోర్టు చూసి ఊరి జనం పచ్చిక కోసం నిలబడరు, గులాబీ రంగు పుట్టగొడుగును చూస్తే నిలబడతారు.

చట్టం దీన్ని కాపాడుతుందా?

జాతిగా కాదు. బ్రిటన్‌లో 1981 నాటి వన్యప్రాణి, గ్రామీణ ప్రాంతాల చట్టంలో ప్రత్యేక రక్షణ పొందిన పుట్టగొడుగులు నాలుగే. వాటిలో పింక్ వ్యాక్స్‌క్యాప్ లేదు. ఐరోపా స్థాయిలో వన్యజీవుల రక్షణకు కుదిరిన బెర్న్ ఒప్పందంలో చేర్చాలని 2003లో 33 శిలీంధ్రాల పేర్లతో ప్రతిపాదన వెళ్లింది. అందులో ఇది ఉంది. ప్రతిపాదన ఆమోదం పొందలేదు. పక్షులకు, పూలకు దొరికిన చోటు శిలీంధ్రాలకు అక్కడ ఇంకా దొరకలేదు. కాబట్టి రక్షణ అంతా స్థలానికి దొరికినదే. లానిషెన్ కట్టల్లా ఏ నేలకైనా గుర్తింపు వస్తే దాని మీద ఉన్న పుట్టగొడుగులకూ రక్షణ వస్తుంది.

కోసుకుని వండుకోవచ్చా?

వద్దు. ముప్పు జాబితాలో ఉన్నదాన్ని కూరకు కోయడం ఎలాగూ బాగోదు. తిన్నా నీళ్లు తప్ప ఏమీ ఉండదు. అసలు భయం వేరే ఉంది. దీన్ని పోలిన లిలాక్ బానెట్, అంటే మైసీనా ప్యూరా, దాని దగ్గరి బంధువు మైసీనా రోజియా కూడా గులాబీ రంగులోనే ఉంటాయి. వాటిలో మస్కరీన్ అనే విషం ఉంటుంది. నలిపితే ముల్లంగి వాసన వస్తుంది, ఎక్కువగా చెట్ల కింద ఆకుల్లో మొలుస్తాయి. మన ఊళ్లో తొలకరికి పుట్టల దగ్గర లేచే పుట్టగొడుగులు చిన్నప్పటి నుంచి తిన్నామన్న ధైర్యంతో ఐరోపా పుట్టగొడుగుల జోలికి వెళ్లొద్దు. ఫోన్ యాప్ చెప్పిన పేరును నమ్మి వండుకోవడం అంతకన్నా ప్రమాదం.

మా ఇంటి వెనక లాన్‌లో వచ్చింది. ఏం చేయాలి?

ముందు టెన్షన్ పడకండి, అది గడ్డికి తెగులు కాదు. మీ పచ్చిక పాతది, దాన్ని ఎవరూ పాడుచేయలేదు అని అర్థం. 'వీడ్ అండ్ ఫీడ్' లాంటి లాన్ మందులు, నాచును చంపే మందులు ఆపేయండి. గడ్డి కోసినప్పుడల్లా కోసినది ఎత్తేయండి. లాన్ తీసేసి రాళ్లు పరిచే ఆలోచన ఉంటే కనీసం ఆ మూలను వదిలేయండి. అద్దె ఇల్లయితే ఓనర్‌కు ఒక మాట చెప్పండి, చాలామంది సంతోషిస్తారు.

తరవాత నమోదు చేయండి. ప్లాంట్‌లైఫ్ నడిపే వ్యాక్స్‌క్యాప్ వాచ్ సర్వేలో పాల్గొనడానికి జాతుల పేర్లు కూడా తెలియనక్కర్లేదు. రంగులను బట్టే చెప్పొచ్చు. పిల్లలు బాగా చేస్తారు ఈ పని.

ఫోటో ఎలా తీయాలి?

పైనుంచి ఒకటి, పక్కనుంచి కాడ మొత్తం కనిపించేలా ఒకటి, టోపీ కింద పొరలు కనిపించేలా ఒకటి. పీకనక్కర్లేదు. ఫోన్‌ను నేల మీద ఆనించి సెల్ఫీ కెమెరాతో తీస్తే కింది పొరలు వస్తాయి. చుట్టూ ఉన్న గడ్డి కూడా ఒక ఫోటోలో ఉండాలి.

విత్తనం కొని మా తోటలో పెంచొచ్చా? లేదా గడ్డితో సహా తవ్వి వేరేచోట పెట్టొచ్చా?

పాలపుట్టగొడుగుల్లా సంచుల్లో పెరిగే రకం కాదిది. వ్యాక్స్‌క్యాప్‌లను మొక్కల తోడు లేకుండా ల్యాబ్‌లో పెంచి నిలబెట్టడం ఇప్పటిదాకా సాధ్యపడలేదు. అందుకే విత్తన బ్యాంకుల్లో మొక్కల గింజలు దాచినట్టు వీటిని దాచడమూ కుదరదు. గడ్డి పెళ్లలు తరలించడం కొన్ని నిర్మాణ పనుల్లో చేశారు. బిల్డర్లకు అది సులువుగా కనిపించే పరిష్కారం. కానీ వందేళ్లు కదలని నేలను లారీలో ఎక్కించి మరో నేల మీద పరిస్తే అదే నేల అవుతుందని చెప్పడం కష్టం. ఒకసారి ఎరువు పడిన పచ్చిక తిరిగి వ్యాక్స్‌క్యాప్‌లకు పనికొచ్చేలా అవ్వాలన్నా పదుల ఏళ్లు పడుతుంది. భాస్వరం నేలను అంత తొందరగా వదలదు.

తెలుగు రాష్ట్రాల్లో ఉందా?

పింక్ వ్యాక్స్‌క్యాప్ లేదు. వ్యాక్స్‌క్యాప్ కుటుంబం మాత్రం భారతదేశంలో ఉంది. కేరళలో హైగ్రోసైబీల మీద జరిగిన పరిశోధన 2006లో వెలువడింది. కొత్త జాతులు చాలానే వర్ణించారు. ఉష్ణమండలంలో ఇవి ఎక్కువగా అడవుల్లోనే ఉంటాయి, గడ్డి బయళ్లలో ఉండే అలవాటు ప్రధానంగా ఐరోపాది. తూర్పు కనుమల్లో వానాకాలం తిరిగేవాళ్లు చెట్ల కింద మెరిసే చిన్న ఎర్ర, పసుపు పుట్టగొడుగులు కనిపిస్తే ఫోటో తీసి, ప్రకృతి పరిశీలనలు నమోదు చేసే ఐనాచురలిస్ట్ వెబ్‌సైట్‌లో పెట్టొచ్చు.

ఆస్ట్రేలియాలో ఉంటున్నాం, ఇక్కడ?

దీని దగ్గరి బంధువు, ఊదా రంగుది, మీ దగ్గర అడవుల్లో ఉంది. సిడ్నీలో ఉంటే లేన్ కోవ్ బుష్‌ల్యాండ్ పార్కుకు వెళ్లండి. అక్కడి వ్యాక్స్‌క్యాప్‌ల సముదాయం మొత్తానికీ అంతరించే ప్రమాదంలో ఉన్న జీవ సముదాయంగా న్యూ సౌత్ వేల్స్ చట్టం కింద గుర్తింపు దక్కింది. నగరం మధ్యలో ఉన్న చిన్న అడవి అది. రే, ఎల్మా కియర్నీ అనే దంపతులు పట్టువదలకుండా సర్వే చేయడం వల్ల సాధ్యమైంది.

బ్రిటన్‌లో చూడాలంటే ఎక్కడికి వెళ్లాలి?

మీ ఊళ్లోని పాత చర్చి ఆవరణతో మొదలుపెట్టండి. అక్టోబరు రెండో సగంలో, నాలుగు రోజులు వానపడి తెరిపిచ్చాక వెళ్లండి. గడ్డిలో నాచు ఉందో లేదో చూడండి. అడుగు వేస్తే మెత్తగా దిగాలి. డెర్బీషైర్‌లో వారసత్వ స్థలాలను కాపాడే నేషనల్ ట్రస్ట్ అనే సంస్థ వారి లాంగ్‌షా ఎస్టేట్ వ్యాక్స్‌క్యాప్‌లకు పేరున్న చోటు, అందరికీ ప్రవేశం ఉంటుంది. చాలా జిల్లాల్లో స్థానిక శిలీంధ్ర బృందాలు ఆ సీజన్లో వారాంతపు నడకలు పెడతాయి, కొత్తవాళ్లను కూడా రానిస్తారు. ప్రైవేటు పొలమైతే రైతును అడిగి వెళ్లండి, గేటు ఎలా ఉంటే అలాగే వేసి రండి. రబ్బరు బూట్లు వేసుకోండి, గడ్డి మధ్యాహ్నం దాకా తడిగానే ఉంటుంది.